ఆర్డర్ కాపీ అందిన రోజే క్యాలెండర్‌లో రాసుకోండి

సంపాదకులు గారికి నమస్కారాలు.

నేను కర్నూల్లో కోర్టుకు దగ్గర్లో జిరాక్స్ షాపు పెట్టుకుని పదిహేడేళ్ళయింది. మీ పేపర్ పొద్దున్నే తెచ్చి షాపు ముందు బల్ల మీద వేస్తాను, కేసు పని మీద వచ్చినోళ్ళు కాపీలు అయ్యేదాకా అదే తిరగేస్తుంటారు. కోర్టు ధిక్కరణ అని హెడ్డింగ్ కనపడితే చాలు అందరూ ఆగి చదువుతారు, ఫలానా ఐఏఎస్‌కి జైలంట అని ఒకరికొకరు చెప్పుకుంటారు, తర్వాత పేజీ తిప్పేస్తారు. కానీ ఆ బల్ల దగ్గర నిలబడి చదివేవాళ్ళలోనే కోర్టు ఆర్డర్‌ని ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని ఆఫీసుల చుట్టూ తిరిగేవాళ్ళు రోజుకి ముగ్గురు నలుగురు ఉంటారు. వాళ్ళ సంగతి ఏ పేపర్లోనూ రాదు. వాళ్ళలో మా యమ్మ కూడా ఒకరు, అందుకే రాస్తున్నా. కొంచెం పొడుగైంది, చోటు లేకపోతే ఎక్కడైనా కత్తిరించుకోండి కానీ ఏడాది గడువు గురించి రాసింది మాత్రం దయచేసి తియ్యొద్దు సార్, అది తెలియకనే మేం దెబ్బ తిన్నాం.

మా యమ్మ 1986లో ఒక ప్రభుత్వ హాస్టల్లో స్వీపర్‌గా చేరింది. రోజుకూలీ మీద, ఎన్‌ఎంఆర్ అంటారు కదా అది. పొద్దున ఐదుకి పోయి ఊడ్చి, తొట్టి నింపి, వంటామె రాని రోజు వంట కూడా చేసి చీకటి పడ్డాక వచ్చేది. 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్ళు పూర్తయిన ఎన్‌ఎంఆర్‌లని ఖాళీలున్న చోట పర్మినెంట్ చెయ్యొచ్చని 1994 ఏప్రిల్ 22న జీవో 212 వచ్చింది, మన రాష్ట్రంలో ఎన్‌ఎంఆర్‌గా పనిచేసినోళ్ళు ఎవరినైనా అడగండి, కొడుకు పుట్టిన తేదీ మర్చిపోయినా ఆ జీవో నంబరు మర్చిపోరు. మా యమ్మకి అప్పటికి ఏడేళ్ళ సర్వీసు. అయినా పేరు లిస్టులో పోలేదు. ఎందుకు పోలేదు అని గట్టిగా అడిగే ధైర్యం ఆమెకి లేదు, నాకప్పుడు పన్నెండేళ్ళు. అట్లే ఇంకో ఇరవై నాలుగేళ్ళు చేసి 2018లో వయసైపోయిందని మాన్పించేసినారు, చేతికి పెన్షన్ లేదు, గ్రాట్యుటీ లేదు.

2019లో హైకోర్టులో రిట్ వేసినాం, ప్రభుత్వం మీద వేసే కేసుని అట్ల అంటారు. 2021 నవంబర్లో ఆర్డర్ వచ్చింది. ఆమె సర్వీసు వివరాలు చూసి, జీవో ప్రకారం ఆమె కేసు పరిశీలించి, కాపీ అందిన ఎనిమిది వారాల్లో ఉత్తర్వులు ఇవ్వండి అని. ఆ కాపీ ఇంటికి తెచ్చిన రోజు మా యమ్మ చేతులు కడుక్కుని వచ్చి తీసుకుంది. చదువు రాదు ఆమెకి. నా పేరు యాడ ఉండాది రా అని అడిగింది, ఇంగ్లీషులో ఉంది కదమ్మా ఇదిగో ఇక్కడ అని చూపిస్తే ఆ అక్షరాల మీద వేలు పెట్టి కాసేపు అట్లే కూర్చుంది. ముప్పై ఏళ్ళకి పైగా పనిచేసిన చోట ఆమె పేరు రాసిన కాగితం ఒక్కటి కూడా ఆమె చేతికి ఇయ్యలేదు, హైకోర్టు ఇచ్చింది.

డిసెంబర్ 10న నేనూ మా యమ్మా పోయి ఆఫీసులో కాపీ ఇచ్చినాం. అక్కడ సూపరింటెండెంట్ సార్ మంచాయనే, ఆ మాట చెప్పాల. కూర్చోమన్నాడు, నీళ్ళు ఇప్పించినాడు, "కోర్టు ఆర్డర్ ఉంది కదా అమ్మా, అయిపోతాది లే, నెలలో రండి" అన్నాడు. అందినట్టు ఒక ముద్ర వేసి ఇవ్వండి సార్ అని అడగాలని నాకు తట్టలేదు, రోజూ వందల కాపీలు తీసేవాడిని, నా కాపీ మీద ముద్ర వేయించుకోలేదు. నెల తర్వాత పోతే ఫైలు పైకి పోయింది అన్నారు. ఆ తర్వాత జీపీ (ప్రభుత్వ లాయరు) ఒపీనియన్‌కి రాసినాం అన్నారు, అప్పీలు వెయ్యాలా వద్దా అని చూస్తున్నారు అన్నారు, ఆ సార్ ట్రాన్స్‌ఫర్ అయినాడు కొత్త సార్ వచ్చినాక పెడతాం అన్నారు, మార్చి కదా బడ్జెట్ లేదు ఏప్రిల్లో చూద్దాం అన్నారు. ప్రతిసారీ వచ్చే సోమవారం. ఒక్కరు కూడా కాదు పొమ్మనలేదు, కసురుకోలేదు, అదే మమ్మల్ని ముంచింది. కసురుకుని ఉంటే ఆ రోజే లాయర్ దగ్గరికి పోయి ఉందుము. పదైదు నెలలు తిరిగినాం. 2023 మార్చిలో లాయర్ సార్‌కి ఫోన్ చేసి కంటెంప్ట్, అదే కోర్టు ధిక్కరణ కేసు, వేద్దాం సార్ అంటే ఆయన తేదీలు అడిగి వేళ్ళ మీద లెక్కేసి "గడువు దాటి నెలైపోయింది కదప్పా, ఇన్నాళ్ళు ఏం చేస్తాంటివి" అన్నాడు. ఫోన్ పెట్టేసినాక చాలాసేపు నాకు మాట రాలేదు. మా యమ్మకి ఆ సంగతి వారం దాకా చెప్పలేదు.

ఇప్పుడు ఆ లెక్క చెప్తాను, చదివేవాళ్ళు జాగ్రత్తగా చూడండి. 1971 కోర్టు ధిక్కరణ చట్టంలో 20వ సెక్షన్ అని ఒకటుంది. ధిక్కరణ జరిగింది అని మనం చెప్పే రోజు నుంచి ఒక సంవత్సరం లోపల కేసు పడాలి, అంతే. మా కేసులో కాపీ ఇచ్చింది డిసెంబర్ 10, ఎనిమిది వారాలు కలిపితే 2022 ఫిబ్రవరి మొదటి వారం, ఆ రోజుకి పని కాలేదు అంటే ఆ మర్నాటి నుంచే ఏడాది మొదలైనట్టు. మేం వచ్చే సోమవారం వచ్చే సోమవారం అని తిరిగిన ప్రతి రోజూ ఆ ఏడాదిలోంచి కరిగిపోతానే ఉంది. వాళ్ళు ఇంకా చెయ్యలేదు కదా సార్, రోజూ ధిక్కరిస్తానే ఉన్నట్టే కదా, ఇంక ఏడాది ఎట్ల దాటుతుంది అని నేనూ అడిగినా. అట్ల వాదించి కొన్ని చోట్ల నిలబడినోళ్ళు ఉన్నారు కానీ 2024 జులైలో సుప్రీంకోర్టు తెలంగాణ భూమి కేసు ఒకదాంట్లో దాన్ని గట్టిగానే తోసేసింది, ఆర్డర్ అమలు చెయ్యకపోవడం వల్ల నష్టం సాగుతూ ఉండొచ్చు కానీ తప్పు జరిగిన రోజు ఒకటే, గడువు అక్కడి నుంచే అని. అంటే ఇప్పుడు ఆ దారి కూడా దాదాపు మూసుకుపోయినట్టే.

అదే సివిల్ కోర్టులో డబ్బుకి డిక్రీ వస్తే పన్నెండేళ్ళ దాకా ఈపీ, అంటే ఆ డిక్రీ అమలు చెయ్యమనే పిటిషన్, వేసుకోవచ్చు. అప్పు ఇచ్చిన షావుకారికి పన్నెండేళ్ళు, ప్రభుత్వం మీద రిట్ గెలిచిన స్వీపరమ్మకి ధిక్కరణ కింద ఒక్క ఏడాది. ఇది న్యాయం అనిపించడం లేదు నాకు. అట్లని ఈపీలు బాగా నడుస్తున్నాయి అని కాదు, 2025లో సుప్రీంకోర్టే దేశమంతా లెక్క తెప్పించుకుంటే 8.8 లక్షలకు పైగా ఈపీలు పెండింగ్‌లో ఉన్నట్టు తేలింది. గెలిచినోళ్ళు మళ్ళీ కోర్టులో వరస కట్టినారన్నమాట. ఇంకో ఏడాది గడువు కూడా చెప్పాలి, అది ఆడవాళ్ళకి. భర్త మెయింటెనెన్స్ ఇవ్వాలని ఆర్డర్ వచ్చి అతను కట్టకపోతే బాకీ పడిన రోజు నుంచి ఏడాది లోపల ఆ బాకీకి పిటిషన్ పడాలి, పాత సీఆర్‌పీసీ 125లో ఉన్నదే ఇప్పుడు దాని స్థానంలో వచ్చిన కొత్త చట్టం బీఎన్‌ఎస్‌ఎస్ 144లోనూ ఉంది. మా షాపుకి చంటిబిడ్డనెత్తుకుని వచ్చే అమ్మాయిలు ఉంటారు, వాళ్ళాయన తరఫు పెద్దమనుషులు పండక్కి ఇస్తాం పంట చేతికొస్తే ఇస్తాం అని ఆపుతా ఉంటారు, రెండేళ్ళ తర్వాత వస్తే మొదటి ఏడాది డబ్బు ఈ దారిలో అడగడానికి లేకుండా పోయి ఉంటుంది. మాటతో కాలం గడిపేస్తే చాలు, చట్టమే మిగతా పని చేసిపెడుతుంది అని ఎగ్గొట్టేవాళ్ళకి మనకంటే బాగా తెలుసు.

నా కళ్ళతో చూసింది ఇంకోటి చెప్తాను. కోడుమూరు వైపు నుంచి ఒక పెద్దాయన వచ్చేవాడు, ఆయన పొలం 1బీలో, అంటే భూమి రికార్డులో, తప్పుగా వేరేవాళ్ళ పేరు ఎక్కింది, సరిచెయ్యమని హైకోర్టు ఆర్డర్ ఉంది. ఎనిమిది నెలలు పని కాలేదు. ఆయన కొడుకు గట్టోడు, ఏడాది లోపలే సీసీ వేయించినాడు, కంటెంప్ట్ కేసుని హైకోర్టులో సీసీ అంటారు. కోర్టు ఫారం-1 నోటీసు ఇచ్చింది, అంటే అధికారి స్వయంగా హాజరు కావాలని. ఆ నోటీసు చేరిన పదకొండో రోజు ఒక అటెండర్ మా షాపుకి ఉరుకుతా వచ్చినాడు, అన్నా నాలుగు సెట్లు అర్జెంట్, సార్ రాత్రి బస్సుకి పోవాల అని. కాపీలు తీస్తా చూస్తే అది ఆ పెద్దాయన పని అయిపోయిందని చెప్పే కంప్లయన్స్ అఫిడవిట్. ఎనిమిది నెలలు సర్వేయర్ లేడు, రికార్డు దొరకలేదు, ఆన్‌లైన్లో ఆప్షన్ రాదు అన్న పని పదకొండు రోజుల్లో అయింది. నాకు సంతోషం కంటే బాధే ఎక్కువైంది. మొదటి రోజే చెయ్యగలిగిన పనే అది. మళ్ళీ ఒక లాయర్ ఫీజు, మళ్ళీ ప్రయాణాలు, ఎనిమిది నెలలు నిద్ర లేకపోవడం, ఇవన్నీ ఆ ముసలాయన ఎందుకు కట్టాల. అఫిడవిట్ చివర్లో బేషరతుగా క్షమాపణ చెప్తున్నాం అని ఉంటుంది, అది కోర్టుకి చెప్పే క్షమాపణ, ఆయనకి చెప్పింది కాదు.

అందరికీ అట్ల కూడా కావడం లేదు, ఇంకో మెలిక ఉంది. మా యమ్మ ఆర్డర్‌లో "పరిశీలించి" అని ఉంది చూడండి, ఇంగ్లీషులో కన్సిడర్ అంటారు, మొత్తం కథ ఆ ఒక్క మాటలో ఉంది. పరిశీలించమన్నారు కాబట్టి పరిశీలించినాం, అర్హత లేదని తేలింది అని కారణాలు రాసి ఒక స్పీకింగ్ ఆర్డర్ టైప్ చేసి ఇస్తే కోర్టు ఆర్డర్ పాటించినట్టే. ఆ నిర్ణయం తప్పో ఒప్పో కంటెంప్ట్‌లో చూడరు, అది కొత్త వివాదం, కొత్తగా కేసు వేసుకోవాలి అని 1996లోనే సుప్రీంకోర్టు చెప్పేసింది. మళ్ళీ ఆ సుప్రీంకోర్టే 2006లో మన ఆర్టీసీ కేసులో ఈ కన్సిడర్ అనే మాట గురించి వివరంగా రాసింది, హక్కు తేల్చకుండా ఊరికే పరిశీలించండి అని ఆర్డర్లు ఇస్తే ఇరుపక్షాలకూ అయోమయమే, కోర్టులు జాగ్రత్తగా ఉండాలి అనే అర్థంలో. అది మన రాష్ట్రం నుంచి పోయిన కేసే. ఇన్నేళ్ళయినా ఆ మాట ఆర్డర్లలో నుంచి పోలేదు. అయ్యా, జడ్జి గార్ల మీద నాకు చాలా గౌరవం, వాళ్ళ ముందు రోజుకి ఎన్ని కేసులు ఉంటాయో కాజ్‌లిస్టు జిరాక్స్ తీసేవాడిని నాకు తెలియదా. కానీ ఒక్క వాక్యం ఎక్కువ రాసి, ఇన్నేళ్ళ సర్వీసు ఉన్నట్టు రికార్డులో ఉంటే ఈ లాభం ఇవ్వండి, లేకపోతే ఎందుకు లేదో కాగితాలతో సహా చెప్పండి అని ఉంటే కింద ఆఫీసులో ఆ సందు ఉండదు కదా.

అప్పీలు అనే ఇంకో సాకు. అప్పీలుకు పోతున్నాం కాబట్టి అమలు ఆపినాం అంటారు. అప్పీలు వేసినంత మాత్రాన ఆర్డర్ ఆగదు, స్టే వస్తేనే ఆగుతుంది, ఇది లా చదివిన పిల్లలకి మొదటి ఏడాది చెప్పే విషయం. కంటెంప్ట్ పడేదాకా అప్పీలు ఊసే ఉండదు, పడిన వారంలో ఆలస్యాన్ని మన్నించండి అని పిటిషన్‌తో కలిపి రిట్ అప్పీలు దిగుతుంది. ఎన్నిసార్లు ఆ బొత్తులు మా మిషన్ మీద పోయినాయో.

ఇక శిక్షల సంగతి, జనం ఎక్కువగా మాట్లాడుకునేది అదే కాబట్టి. చట్టంలో ఉన్నది ఆరు నెలల దాకా సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ, అది కూడా మనస్ఫూర్తిగా క్షమాపణ చెప్తే వదిలెయ్యొచ్చు. 1971లో రెండు వేలంటే పెద్ద డబ్బు, ఇప్పుడు మా యమ్మ కేసు కాగితాలకి నేను పెట్టిన ఖర్చు కూడా అంతకంటే ఎక్కువ. కోర్టులు తల్చుకుంటే చెయ్యలేక కాదు. 1995లో కర్ణాటకలో ఒక ఐఏఎస్ అధికారికి సుప్రీంకోర్టు నెల రోజులు జైలు వేసింది. మన దగ్గర స్కూళ్ళ ఆవరణలో సచివాలయాలు కట్టొద్దన్న ఆర్డర్ పాటించలేదని 2022 మార్చిలో ఎనిమిది మంది ఐఏఎస్‌లకు హైకోర్టు రెండు వారాల జైలు వేసి, క్షమాపణ చెప్పినాక ఏడాది పాటు నెలకోసారి సంక్షేమ హాస్టల్‌కి పోయి పిల్లలతో గడిపి రండి అని మార్చింది, అందులో మళ్ళీ అప్పీలుకు పోయినోళ్ళు కూడా ఉన్నారు. ఆ వార్త నేను చదివి వినిపిస్తే మా యమ్మ, ఆ సార్లు హాస్టల్‌కి పోయినప్పుడు తొట్టికి నీళ్ళు ఎవరు పడతాండారో చూస్తారేమో రా అనింది. 2025 మేలో ఇంకోటి, గుంటూరు జిల్లాలో గుడిసెల జోలికి పోవద్దని హైకోర్టు 2013లో చెప్తే 2014 జనవరిలో పోలీసులను పెట్టుకుని పీకించిన తహసీల్దారు తర్వాత డిప్యూటీ కలెక్టర్ అయినాడు, హైకోర్టు రెండు నెలలు జైలు వేస్తే సుప్రీంకోర్టు జైలు తీసేసి మళ్ళీ తహసీల్దారుకే దించి లక్ష రూపాయలు కట్టమంది. అందరూ భలే శిక్ష అన్నారు, నేనూ అన్నా. కానీ తేదీలు చూడండి, 2014 నుంచి 2025. గుడిసెలు పోయిన ఇంటి పిల్లలు ఈ పదకొండేళ్ళలో పెద్దోళ్ళయి ఉంటారు.

మా సూపరింటెండెంట్ సార్ జైలుకి పోవాలని మా యమ్మా కోరుకోదు నేనూ కోరుకోను. ఆయనకీ పైన నలుగురున్నారు, ఫైలు తొక్కిపెట్టింది ఎవరో మాకు ఈ రోజుకీ తెలియదు. అదే అసలు బాధ, ధిక్కరణ కేసులో ముద్దాయి ఒకరుండాలి కానీ ఆఫీసులో మాత్రం పని ఎవరి దగ్గర ఆగిందో ఎవరికీ తెలియకుండా ఉండేట్టు అంతా నడుస్తుంది. ఉద్దేశపూర్వకంగా పాటించకపోతేనే సివిల్ ధిక్కరణ అని చట్టంలో ఉంది, ఉద్దేశం ఎవరిదో తేలకపోతే ఇంక ఎవరిని పట్టుకుంటారు.

కాబట్టి నేను అడిగేది చాలా చిన్నది. ప్రతి ఆఫీసులో కోర్టు ఆర్డర్ తెచ్చి ఇచ్చినోళ్ళకి అక్కడికక్కడే ఒక చీటీ ఇవ్వాలి, ఈ తేదీన అందింది, గడువు ఈ తేదీకి ముగుస్తుంది, ఫైలు ఫలానా సెక్షన్లో ఉంది అని. గడువు ముగిసే వారం ముందు పని అయిందో లేదో, కాకపోతే ఎందుకు కాలేదో, అప్పీలుకు పోతున్నారా లేదా, రాతలో చెప్పాలి. నోటితో చెప్పే వచ్చే సోమవారం వద్దు. కంటెంప్ట్ పడినాకనే పని చేసినట్టు తేలితే ఆ రెండో కేసు ఖర్చు పూర్తిగా పిటిషనర్‌కి ఇప్పించాలి, అది ఖజానా నుంచి కాకుండా ఆలస్యం చేసినవాళ్ళ జీతంలోంచి ఇప్పించాలి, కోర్టులు అప్పుడప్పుడు ఇప్పిస్తున్నాయి కూడా, ఆ అప్పుడప్పుడు అనేది పోవాలి.

అధికారులను ఊరికే కోర్టుకు పిలిపించొద్దని, తప్పదు అనుకుంటే ముందు వీడియో కాన్ఫరెన్స్ అవకాశం ఇవ్వమని, వాళ్ళ బట్టల గురించి వ్యాఖ్యలు చెయ్యొద్దని 2024 జనవరి 3న సుప్రీంకోర్టు ఒక పద్ధతి పెట్టింది. మంచిదే, ఒక కలెక్టరో కమిషనరో రోజంతా కోర్టు హాల్లో నిలబడితే ఆ రోజు జిల్లా పని ఆగుతుంది, కాదనను. కానీ అటువైపు సౌకర్యం చూసినట్టే ఇటువైపు కూడా చూడండి. హైకోర్టు ఆర్డర్ ధిక్కరిస్తే హైకోర్టుకే పోవాలి, ఇక్కడ జిల్లా కోర్టు నా షాపు నుంచి కనపడుతూ ఉంటుంది కానీ ఆ పని అక్కడ కాదు. కర్నూలు నుంచి అమరావతి మూడొందల కిలోమీటర్ల పైమాట, అనంతపురం హిందూపురం వాళ్ళకి ఇంకా ఎక్కువ. 1937 శ్రీబాగ్ ఒడంబడికలో రాజధాని గానీ హైకోర్టు గానీ రాయలసీమకి అని రాసుకున్నారు, 1953లో కర్నూలు రాజధాని అయింది, హైకోర్టు గుంటూరులో పెట్టినారు, 1956లో రెండూ హైదరాబాద్ పోయినాయి, 2019 జనవరి 1 నుంచి హైకోర్టు అమరావతిలో ఉంది. 2024 నవంబర్లో కర్నూల్లో హైకోర్టు బెంచ్ కోసం అసెంబ్లీ తీర్మానం చేసింది. ఆ బెంచ్ గురించి మా షాపు ముందు ఎన్నికలప్పుడు చాలా గట్టిగా మాట్లాడుకుంటారు, ఏ పార్టీ ఇచ్చింది ఏ పార్టీ ఆపింది అని. నాకు పార్టీలు వద్దు. మా యమ్మ మోకాళ్ళతో రాత్రి బస్సులో కూర్చుని పోయి ఒక అఫిడవిట్ మీద వేలిముద్ర వేసి మళ్ళీ రాత్రి బస్సెక్కి వచ్చింది, రెండు రోజులు లేవలేదు. బెంచ్ అంటే మాకు అది.

మాకు ఎవరూ చెప్పనివి రెండు చెప్తాను, ఎవరికైనా పనికొస్తాయి. ఆడవాళ్ళకి, ఎస్సీ ఎస్టీలకి ఆదాయం ఎంత అని చూడకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు, 1987 న్యాయసేవల చట్టంలో ఉంది, జిల్లా కోర్టులోనే న్యాయసేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది, హైకోర్టు పనికి కూడా అక్కడ అడగొచ్చు. పదిహేడేళ్ళు ఆ గేటు ముందు కూర్చుని నేను మా యమ్మకి అప్పు చేసి ఫీజు కట్టినా. రెండోది, ఫైలు యాడ ఉంది అని పదిసార్లు తిరగకుండా సమాచార హక్కు కింద ఒక అర్జీ పెడితే 30 రోజుల్లో రాతలో జవాబు ఇవ్వాలి, ఆ జవాబు తర్వాత కోర్టులో కూడా పనికొస్తుంది. పొలాల ఇంజంక్షన్ల సంగతి వేరే, కింది కోర్టు ఇచ్చిన తాత్కాలిక ఇంజంక్షన్‌ని పక్క పొలం వాడు మీరితే దానికోసం హైకోర్టు దాకా పోనక్కర్లేదు, ఆర్డర్ ఇచ్చిన కోర్టులోనే సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డర్ 2ఏ రూల్ కింద పిటిషన్ వెయ్యొచ్చు, ఆస్తి అటాచ్ చెయ్యడం, మూడు నెలల దాకా సివిల్ జైలు అన్నీ ఉన్నాయి. ఆఫీసులనే అంటున్నా కానీ కోర్టు ఆర్డర్ ఉందని తెలిసి కూడా రాత్రికి రాత్రి గట్టు చెరిపేసేవాళ్ళు మనలోనే ఉన్నారు, అదీ ధిక్కరణే.

మా యమ్మ కోసం లాయర్ సార్ మళ్ళీ రిట్ వేసినాడు, మొదటి ఆర్డర్ అమలు చెయ్యమని. అది బెంచ్ మీదికి రావడానికి మళ్ళీ ఏళ్ళు పట్టింది. పోయిన నెల ఆర్డర్ వచ్చింది, ఈసారి ఆరు వారాలు. ఆమెకి ఇప్పుడు అరవై ఏడు దాటినాయి, చెవి సరిగా వినపడదు, గెలిచినామమ్మా అని రెండుసార్లు గట్టిగా చెప్తే, పోయినసారి కూడా అదే అంటివి కదా అనింది.

ఈసారి కాపీ చేతికి తీసుకుపోయి ఇవ్వలేదు. 2025 సెప్టెంబరు 1 నుంచి రిజిస్టర్ పోస్టుని స్పీడ్ పోస్టులో కలిపేసినారు కాబట్టి ఊరికే స్పీడ్ పోస్ట్ అంటే చాలదు, అందినట్టు రుజువు కావాలని కౌంటర్‌లో అడిగి మరీ పంపించినా, ఒక కాపీ పై ఆఫీసుకి, ఒకటి ఇక్కడి ఆఫీసుకి. రసీదులు రెండూ జిరాక్స్ తీసి ఒరిజినల్ బీరువాలో పెట్టినా, ఎందుకంటే ఆ రసీదు కాగితం మీద అక్షరాలు కొన్నాళ్ళకి ఎగిరిపోతాయి, ఆ సంగతి జిరాక్స్ షాపువాడికి కాకపోతే ఎవరికి తెలుస్తుంది. షాపులో గోడ మీద క్యాలెండర్‌లో ఆరు వారాలు పూర్తయ్యే రోజు చుట్టూ ఎర్ర పెన్నుతో సున్నా చుట్టినా. వచ్చే ఏడాది క్యాలెండర్ ఇంకా రాలేదు కాబట్టి దాని కింద ఒక తెల్ల కాగితం అంటించి వచ్చే ఏడాది అదే తేదీ రాసి దానికీ సున్నా చుట్టినా. మా యమ్మ మధ్యాహ్నం అన్నం తెచ్చినప్పుడు చూసి మొదటి సున్నా ఏందో అర్థం చేసుకుంది, రెండోది ఏంది రా అని అడిగింది. ఆ లోపల మనం మళ్ళీ కోర్టుకి పోవాలమ్మా, ఆ రోజు దాటనియ్యను అని చెప్పినా.

నిన్న అందినట్టు కార్డు వెనక్కి వచ్చింది. ఆఫీసు ముద్ర ఉంది, సంతకం ఉంది, తేదీ బాగా కనపడుతోంది.

ఇట్లు,
ఒక జిరాక్స్ షాపు నడిపేవాడు,
కర్నూలు.